ఎడంపక్క పొద్దున్న, కుడిపక్క సాయంత్రం

తూర్పు గోదావరి జిల్లా, రాజోలు, బస్టాండు వెనక వీధిలో కాపురం ఉంటున్న నేలపూడి సుందరి అనే నేను, కీర్తిశేషులు ప్రకాశరావు గారి భార్యను, వయస్సు అరవై రెండు, వృత్తి తెరలకి బొమ్మలు వేయడం, ఈ వీలునామా నా సొంత దస్తూరితో రాస్తున్నాను. ఒంట్లో బాగోలేదు గానీ బుర్రలో బాగానే ఉంది. ఎవరి బలవంతమూ లేదు, ఎవరి ప్రోద్బలమూ లేదు. కోపం మాత్రం ఉంది. కోపంతో రాసిన వీలునామా చెల్లదని ఏ చట్టంలోనూ లేదని దస్తావేజులు రాసే కుమారస్వామి గారు చెప్పేరు. తానే రాసిపెడతానని కూడా అన్నారు పాపం. ఆయన రాస్తే ‘సదరు’లూ ‘యావత్తు’లూ అన్నీ వస్తాయి గానీ నా కోపం రాదు. అందుకని నేనే కూచున్నాను.

1. ఈ వీలునామా అమలు జరిపించే బాధ్యత మా వీధిలోని సుబ్రహ్మణ్యేశ్వరరావు మాస్టారికి అప్పగిస్తున్నాను. మాస్టారూ, మీరు మెత్తనివారు. ఎవరైనా ఏడిస్తే చదవడం ఆపేసి కళ్ళజోడు తుడుచుకుంటారు. ఆపకండి. నన్ను సమాధి చేసి అందరూ ఇంటికొచ్చేక, ఆ సాయంత్రమే హాల్లో కూచోబెట్టి మొదటి అక్షరం నుంచి ఆఖరి అక్షరం దాకా గట్టిగా చదవండి. మధ్యలో మా మరిది బాబూరావు లేచి, తెర సంగతేంటండీ అంటాడు. తెర సంగతి ఆఖర్న ఉంది, కూచోమనండి.

2. ఆస్తి పంచే ముందు ఆ తెర ఎవరు వేసేరో తేల్చాలి. ఎందుకంటే ఊళ్ళో తలా ఒక కథ చెప్తున్నారు. ప్రకాష్ ఫొటో స్టూడియోలో కెమెరాకి ఎదురుగోడకి వేలాడిన రేవు తెర, పన్నెండడుగుల పొడవు, ఎనిమిదడుగుల ఎత్తు, గాడా గుడ్డ మీద చింతగింజల గంజి పట్టించి పొడిరంగులతో వేసింది, నా చేతి పని. మా ఆయన వేసింది కాదు. మద్రాసు నుంచి తెప్పించింది కాదు. బాబూరావు అమలాపురమంతా చాటినట్టు ఏ సాధువో ఇచ్చిపోయింది అసలే కాదు. ఇన్నేళ్ళూ నోరెత్తకపోవడం నా బుద్ధితక్కువ.

మా నాన్న నాటకాల కంపెనీలకి తెరలు వేసేవాడు. కుంచె పట్టుకున్న మొదటిరోజే నాకో మాట చెప్పేడు, వెలుతురు ఎటునుంచి వస్తోందో తేల్చుకోకుండా గుడ్డ మీద చెయ్యి పెట్టకు అని. నేను అన్ని తెరలకీ ఆ మాట పాటించేను, దీనికి తప్ప. 1991 వానాకాలం. ఇంట్లో దక్షిణపు గోడకి గుడ్డ బిగించేను. ఎడమ పక్క తూర్పు కిటికీ, కుడి పక్క పడమటి కిటికీ. పొద్దున్న వంట మొదలెట్టేలోపు ఓ గంట దొరికేది, అప్పుడు ఎడం సగం వేసేదాన్ని. మళ్ళీ సాయంత్రం అంట్లు అయ్యేక ఓ గంట, అప్పుడు కుడి సగం. కళ్ళకి కనబడ్డ వెలుతురే వేసేను. పని తొందరలో నాన్న మాట గుర్తే లేదు. నలభై రోజులు పట్టింది. పూర్తయ్యేక చూస్తే, ఎడం పక్క కొబ్బరిచెట్ల నీడలు పొద్దుటివి, కుడి పక్క పడవల నీడలు సాయంత్రానివి. రెండు నీడలూ మధ్యలో రేవు మెట్టు దగ్గర కలిసేయి. ఆ మెట్టు మీద మాత్రం నీడ లేదు.

ఆ మెట్టుని చూస్తూ కూచున్న మనిషికి పొద్దున్నకీ సాయంత్రానికీ మధ్య ఉండే పూట కనబడకుండా పోతుంది. ఎందుకు పోతుందో నన్నడక్కండి, వేసినదాన్నే గానీ నాకూ తెలీదు. పదింటికి కూచుని, అరక్షణం అయిందనుకుని లేస్తే దీపాలు పెట్టే వేళయి ఉంటుంది. ఆకలి తెలీదు, దిగులు తెలీదు.

ఫొటోకి కూచునేవాళ్ళు తెరకి వీపు పెడతారు. అందుకే దాని ముందు ఊరి జనం సగం మంది ఫొటోలు దిగినా ఎవరికీ ఏమీ కాలేదు. దానికి మొహం పెట్టేది కెమెరా వెనకున్న మనిషి ఒక్కడే. ఐదేళ్ళు మా ఆయన దాన్నే చూసేరు. భోజనానికి కబురు పెడితే ‘ఇప్పుడే కదే వచ్చేను’ అనేవారు. నేను ఆయనకి పని మీద ఎంత ధ్యాసో అని మురిసేదాన్ని. 96 నవంబరు ఆరో తారీకు, ఆ గాలివాన రోజు, మధ్యాహ్నం నుంచి రెండుసార్లు మనిషిని పంపేను, షాపు మూసేసి రండి అని. రెండుసార్లూ ఒకటే జవాబు, ఇప్పుడే కదా తీసేను, పది నిమిషాల్లో వస్తానని. సాయంత్రం గాలికి పక్కనున్న కొబ్బరిచెట్టు స్టూడియో రేకుల మీద పడింది. పొద్దుట చూస్తే ఆయన కెమెరా దగ్గరే ఉన్నారు. తెరకి ఒక్క చుక్క నీళ్ళు తగల్లేదు.

ఆ రోజే దాన్ని పొయ్యిలో పెట్టాల్సింది. పెట్టలేదు. ఆయన పోయేక నేనూ దాని ముందు కూచున్నాను. ఏడుపు తట్టుకోలేక కూచున్నాను. ఒకరోజు లేచి బయటికొస్తే పిల్లలు కరోల్స్ పాడుతూ వీధిలో తిరుగుతున్నారు. క్రిస్మస్ వచ్చేసింది! ఆయన కోసం ఏడవాల్సిన నెలన్నర నాకు లేకుండా పోయింది. అది ఇప్పటికీ బాకీగానే ఉంది నా లోపల. అప్పటినుంచి నేను దానివైపు చూడలేదు. స్టూడియో మూసేసి, తెర తెచ్చి ఇంట్లో చివరి గదిలో వేలాడదీసేను. నా చేత్తో వేసింది కదా, చింపబుద్ధి కాలేదు.

3. రాజోలులో నేనుంటున్న డాబా ఇల్లు, దొడ్డి, దొడ్లో ఉన్న పదకొండు కొబ్బరిచెట్లు, అమ్ముకునే హక్కుతో సహా నా కోడలు ఏంజెల్‌కి దఖలు చేస్తున్నాను. నా కొడుకు సుధీర్‌కి కాదు. మరోసారి చదవండి మాస్టారూ, సుధీర్‌కి కాదు. ఈ ఇంట్లో ఎనిమిదేళ్ళు ఉన్న మనిషికి ఇల్లు, మూడు సెలవులకి వచ్చిన మనిషికి కుర్చీ.

4. కుర్చీ అంటే స్టూడియోలో ఉండే గుండ్రటి స్టూలు. సుధీర్‌కి ఇస్తున్నది అదొక్కటే.

నాయనా, 97 మే నెలలో పెళ్ళి, ఆగస్టులో మస్కట్. రెండేళ్ళ కాంట్రాక్టు అన్నావు. అది ఒకటి కాదు, నాలుగయ్యేయి. మొదట్లో ఏంజెల్ ప్రతి శుక్రవారం ఫోన్లో ‘ఎప్పుడొస్తారండీ’ అని అడిగేది. నువ్వు విసుక్కునేవాడివి. పిల్ల అన్నం మానేసి ఏడుస్తుంటే, కడుపుతో ఉన్న పిల్ల కదా అని జాలేసి, తెర ముందు స్టూలు వేసి నేనే కూచోబెట్టేను. ఈ పాపం నాదే, ఎవరి మీదా తొయ్యను. కానీ ఆ తరవాతది నీది. తెర సంగతి నీకు నేను చెప్పిన నాటినుంచి నీ గొంతు మారిపోయింది. ‘అమ్మా, ఏంజెల్ని కాసేపు ఆ గదిలో కూచోబెట్టమ్మా’ అని నువ్వు ఫోన్లో ఎన్నిసార్లు చెప్పేవో లెక్కలేదు. రెండో కాంట్రాక్టుకి సంతకం పెట్టినప్పుడు నన్నే ఎదురడిగేవు, ‘ఆవిడేం అడగట్లేదు కదమ్మా’ అని. అడగడానికి ఆ పిల్లకి నువ్వెళ్ళి వారమే అయిందిరా! నీకు రెండేళ్ళు, దానికి వారం. నువ్వు అక్కడ ఎండలో నిజంగానే కష్టపడ్డావు, కాదనను. ఇల్లు గుర్తొచ్చి ఏడ్చే ఉంటావు. కానీ నీ ఏడుపు నీకుంది. దాని ఏడుపు కూడా నువ్వే మిగుల్చుకున్నావు.

కాబట్టి షరతు. ఆ స్టూలుని ఉత్తి గోడకి ఎదురుగా వేసి, సుధీర్ ఒక గంట, అచ్చంగా ఒక గంట, దాని మీద కూచోవాలి. సెల్లు మాస్టారికి ఇచ్చెయ్యాలి. మాస్టారు గడియారం చూసుకుంటూ తలుపు దగ్గర ఉండాలి. గంట ఎంత పొడుగుంటుందో వాడికి తెలిసేక స్టూలు ఇచ్చేసినట్టు రాయండి. వాడు నా మట్టికి అందుకుంటాడో లేదో నాకు తెలీదు. ఎప్పుడొస్తే అప్పుడే ఈ షరతు.

5. బాబూరావు. నీకు వదిన మీద గౌరవం ఉందని పదిమందిలో అంటావు, సంతోషం. 2001లో ‘పదిహేను రోజులు వదినా’ అని తెర పట్టుకెళ్ళి అమలాపురంలో నీ వీసాల ఆఫీసు వరండాలో బెంచీలకి ఎదురుగా కట్టేవు. అప్పటిదాకా ఆ బెంచీల మీద జనం పొద్దున్నుంచీ కూచుని వీసా ఎప్పుడండీ, ఎప్పుడండీ అని నీ ప్రాణం తీసేవారు. తెర కట్టేక ఒక్కరి నోరూ లేవలేదు. నమస్కారాలు పెట్టి మరీ ఇంటికెళ్ళేవారట. పి.గన్నవరం నుంచి సుగుణ అనే పిల్ల కువైట్‌లో ఇంటిపనికని వచ్చేది, చంకలో బిడ్డ. నేను ఐదు నెలలకి నీతో దెబ్బలాడి తెర విప్పించడానికి వచ్చేసరికి ఆ బిడ్డ వరండా అంతా పరిగెడుతున్నాడు. సుగుణ నన్ను చూసి, ‘బాబూరావు గారు దేవుడండీ, ఆయ్, రెండుసార్లే తిప్పేరు’ అంది. ఆ పిల్లకి వీసా ఈనాటికీ రాలేదు. నిన్ను ఐదు నెలలేమిట్రా అని నిలదీస్తే, ఇప్పుడే కదా వదినా పట్టుకెళ్ళేను అన్నావు. తెరకి వీపు పెట్టి కూచునేవాడివి నువ్వు, నీకెందుకు తెలీదు!

నీకు మా ముందుగదిలోని గంటల గడియారం ఇస్తున్నాను. అరగంటకోసారి మోగుతుంది, బస్సు హారను కన్నా గట్టిగా. దాన్ని నీ బెంచీలకి ఎదురుగానే కట్టాలి. కట్టకపోతే నీకది కూడా లేదు, త్రిమూర్తులు టీకొట్టుకి పోతుంది.

6. త్రిమూర్తులుకి స్టూడియో బల్లలు రెండూ. ఆ గాలివాన పొద్దుట రేకులెత్తి మా ఆయన్ని బయటికి తీసింది అతనే. ఈ మాట అతనికి ఎదురుగా ఎప్పుడూ అనలేకపోయేను. చిట్టెమ్మకి నా చీరల్లో ఏవి కావాలంటే అవి, ఆకుపచ్చ ఉప్పాడ చీర తప్ప. దాన్ని నాకే కట్టమని ముందే చెప్పి ఉంచేను. చిట్టెమ్మ ఈ ఆరునెలలూ నాకు నీళ్ళు పోసి, జడేసి, నేను తిట్టిన తిట్లన్నీ పడింది. తిట్లు వెనక్కి తీసుకుంటున్నాను, రెండు తప్ప. ఆ రెండూ ఏవో దానికి తెలుసు.

7. ఏంజెల్‌కి ఇంటితో పాటు నా మంచం కింద ఉన్న పెద్ద బిస్కెట్ల డబ్బా.

అమ్మా, 98 ఫిబ్రవరిలో బేబి పుట్టింది. నువ్వు దానికి పాలిచ్చి, నిద్రపుచ్చి, కాసేపని ఆ గదిలోకి వెళ్ళేదానివి. నీ కాసేపు సాయంత్రం దాకా ఉండేది. రానురాను పొద్దున్నుంచీ ఉండేది. పిల్లని నేనే పెంచేను, అది గొప్పగా చెప్పడం లేదు. నువ్వు ఆ గదిలో ఉన్నప్పుడు బేబికి ఏదన్నా జరిగితే మీ మావయ్య కెమెరాతో ఒక ఫొటో తీసి, వెనకాల తారీకు వేసి రాసిపెట్టేను. డబ్బా నిండా అవే. గోడ పట్టుకోకుండా మూడడుగులు వేసింది. ముందు పన్ను ఊడితే ఇంటి కప్పు మీదకి విసిరేను. బడికి మొదటిరోజు, అది ఏడవలేదు, నేను ఏడ్చేను. టైఫాయిడ్ తగ్గేక మొదటి ముద్ద చారన్నం. ఆ టైఫాయిడ్‌కి మూడో రోజున నిన్ను లేపి లాక్కొచ్చి పిల్ల ఒళ్ళు ముట్టుకోమంటే, ‘ఇందాకే కదా అత్తయ్యా వేడి పుట్టింది’ అన్నావు. ఆయన గొంతే వినబడింది నాకు. నిన్ను చెంప మీద కొట్టేను. ఆ దెబ్బకి క్షమించమని అడగను. దెబ్బ ముందే కొట్టాల్సింది, అందుకు క్షమించు.

నీకు ఇరవై ఎనిమిదేళ్ళు. నీ లెక్కలో నువ్వింకా కొత్త పెళ్ళికూతురివే. అద్దంలో చూసుకుని ‘ఈమధ్య చిక్కిపోయాను అత్తయ్యా’ అంటావు. చిక్కడం కాదమ్మా, ఎనిమిదేళ్ళు. వాటిని తెచ్చివ్వడం నావల్ల కాదు, నాకొచ్చింది బొమ్మలెయ్యడం ఒక్కటే. ఆ ఫొటోలు రోజుకొకటి చూడు. అన్నీ ఒకేసారి చూడకు, తట్టుకోలేవు.

8. బేబికి నా కుంచెలు, రంగుల పెట్టె, మా నాన్న గీత గీసే కొబ్బరితాడు. ఉడుత వెంట్రుకల కుంచెలు మూడున్నాయి, వాటిని కడిగేక తలకిందులుగా నిలబెట్టకూడదు. బొమ్మ మొదలెట్టే ముందు వెలుతురు ఎటునుంచో తేల్చుకోవాలి. తేల్చుకునే తీరిక లేకపోతే ఆ రోజు బొమ్మ మానెయ్యి తల్లీ.

ఇప్పుడు అసలు సంగతి. మొన్న జనవరిలో బేబి బళ్ళోకి రాలేదని టీచరమ్మ కబురు పెట్టింది. ఇల్లంతా వెతికేను. చివరి గదిలో ఏంజెల్ స్టూలు మీద ఉంది. దాని కాళ్ళ దగ్గర నేల మీద, యూనిఫాంతో, సంచీ భుజానే ఉంచుకుని బేబి కూచుని ఉంది. ఏడేళ్ళ పిల్ల. పొద్దున్న పెట్టిన క్యారేజీ అలాగే ఉంది. రెక్క పట్టుకుని లేపితే నా మొహంలోకి చూసి ఏమందో తెలుసా? ‘ఇప్పుడే కదా మామ్మా కూచున్నాను’ అంది.

మొగుడు పోయేడు, కోడలు పోయింది, ఇంక ఈ పిల్ల! ఆ సాయంత్రమే గదికి తాళం వేసి తాళంచెవి తాడుకి కట్టి మెళ్ళో వేసుకున్నాను. ఏంజెల్ ఆ రోజునుంచి నాతో మాట్లాడటం లేదు. తలుపు కొట్టింది, గోళ్ళతో గీకింది, తాళం ఇవ్వకపోతే గోదాట్లో దూకుతానంది. నేను పోగానే మొదట నా మెళ్ళో తాడే తెంపుతుందని నాకు తెలుసు. బాబూరావు ఆ తెర కోసమే వారానికి రెండుసార్లు వచ్చి బత్తాయిలు ఇచ్చి వెళ్తున్నాడు. సుధీర్ ఫోన్లో, తెర ఇంట్లోనే ఉండనీ అమ్మా, ఏంజెల్‌కి అలవాటు అంటున్నాడు. అలవాటట!

9. కాబట్టి తెర విషయంలో నా నిర్ణయం. దాన్ని ఎవరికీ ఇవ్వడం లేదు. ఏంజెల్‌కి లేదు, సుధీర్‌కి లేదు, బాబూరావుకి లేదు.

బాబూరావూ, చివరి గదికి పరిగెట్టకు. అక్కడ వెదురుబొంగుకి చుట్టి ఉన్నది పాత పూలతోట తెర. దాని ముందు ఎంతసేపు కూచున్నా అంతసేపే అవుతుంది.

వడ్రంగి లాజరు నా శవపెట్టె ఫిబ్రవరిలోనే చేసి తన షెడ్డులో ఉంచేడు. పెట్టె లోపల వేసిన తెల్లగుడ్డ కింద, అడుగునా పక్కలా మూతకీ, రేవు తెరని మడతలు పెట్టి మేకులు కొట్టేడు. నేను రిక్షాలో వెళ్ళి దగ్గర కూచుని కొట్టించేను. చింపమంటే లాజరుకి చెయ్యి రాలేదు, నాకూ రాలేదు. ఈ కాగితం చదువుతున్న పూట మీరంతా నా గోతి దగ్గర్నుంచే వచ్చేరు. తలా గుప్పెడు మన్ను వేసేరు కదా, అది దాని మీదే వేసేరు. ఏంజెల్ కూడా వేసే ఉంటుంది. బేబి చేత కూడా వేయించే ఉంటారు. పాస్టరు గారు ప్రార్థన చేసి మూసిన సమాధిని తవ్వేంత ధైర్యం మన కుటుంబంలో ఎవరికీ లేదు, బాబూరావుకి అసలే లేదు.

బొమ్మ వైపు చెక్కకి పెట్టించేను. ఉత్తి గుడ్డ వైపు నాకు. ప్రభువు పిలిచేదాకా, మా ఆయన్ని మళ్ళీ చూసేదాకా ఎన్నాళ్ళయితే అన్నాళ్ళు ఎదురుచూస్తాను. ఒక్క పూట కూడా ఎగ్గొట్టను.

ఏంజెల్, నన్ను తిడతావు. తిట్టు. ఈ రాత్రి నీకు తెల్లవారదు. రేపు పగలు ఎంతకీ గడవదు, నాకు తెలుసమ్మా, నన్ను చంపాలనిపిస్తుంది. గడవని ఆ పగలు నీది, దాన్ని ఎవరికీ ఇవ్వకు. బేబి బడినుంచి నాలుగున్నరకి వస్తుంది, గుమ్మంలో కూచుని అది వచ్చేదాకా చూడు. శుక్రవారం ఫోను వస్తే వాణ్ణి ఎప్పుడొస్తారని అడుగు. వాడు వచ్చి ఎదురుగానే ఉంటే, మళ్ళీ ఎప్పుడెళ్తారని అడుగు. జవాబు చెప్పేదాకా అడుగుతూనే ఉండు.

ఇందులో కొట్టివేతలు రెండున్నాయి, రెండూ నేనే కొట్టేను. దీనికి ముందు నేను వేరే వీలునామా ఏదీ రాయలేదు. చదివి చూసుకుని, కోపం ఇంకా అలాగే ఉందని సరిచూసుకుని సంతకం చేస్తున్నాను.

రాజోలు, 2005 మార్చి 14, సోమవారం, పగలు పదకొండు గంటల ఇరవై నిమిషాలకి.

(సం.) నేలపూడి సుందరి, తెరలు వేసే ఆవిడ

సాక్షులు, ఆవిడ మా ఎదురుగా సంతకం చేసేరు, మేము ఆవిడ ఎదురుగా చేసేము:

1. దస్తావేజు లేఖరి కుమారస్వామి
2. వడ్రంగి లాజరు